సింహాలు చెక్కిన చేతులు

ఇప్పటికి మా ఇంట్లో అయిదుసార్లు సామాను కట్టాం. పదకొండో తరగతికి వచ్చేసరికి నాకిది నాలుగో స్కూలు. సెలవులకు ఊరు వెళ్ళినప్పుడల్లా బంధువుల్లో ఎవరో ఒకరు, "పాపం, ఈ పిల్లలకు ఒక ఊరంటూ లేదు, మన పద్ధతులు వీళ్ళకేం తెలుస్తాయి!" అంటారు. ఈ మాట మీలోనూ చాలామంది వినే ఉంటారు. కొన్నాళ్ళు నేనూ అది నిజమే అనుకున్నాను. యూదుల చెక్కడపు పని గురించి తెలుసుకున్నాక మాత్రం ఆ మాటలో సగమే నిజముందని నాకు అనిపిస్తోంది. ఎందుకో చెబుతాను.

నాన్నగారికి కొచ్చి పోస్టింగు వచ్చినప్పుడు మట్టాంచేరిలోని పరదేశి సినగాగ్ చూడటానికి వెళ్ళాం. సినగాగ్ అంటే యూదుల ప్రార్థనా మందిరం. దాన్ని 1568లో కట్టారు. లోపలికి అడుగు పెట్టగానే నేలంతా చైనా నుంచి తెచ్చిన నీలం, తెలుపు పలకలే కనిపిస్తాయి. నేను వాటినే చూస్తూ నిలబడిపోతే అమ్మ నా భుజం తట్టి ఎదురు గోడ చూపించింది. అక్కడ నగిషీ చెక్కి, బంగారు పూత పూసిన బీరువా లాంటిది ఉంది. యూదుల ధర్మగ్రంథమైన తోరాను తోలు మీద చేత్తో రాసి, చుట్టలుగా చుట్టి అందులో ఉంచుతారు. ప్రార్థన చేసేవాళ్ళు జెరూసలేం వైపు తిరగాలి కాబట్టి కొచ్చిలో ఆ బీరువా పడమటి గోడకు ఉంటుంది. పోలండ్‌లో అయితే తూర్పు గోడకు ఉంటుంది. ఊరు మారితే గోడ మారింది గానీ వాళ్ళు తలచుకునే చోటు మారలేదు.

ఈ కళ బాగా పెరిగింది తూర్పు ఐరోపాలో. పోలండ్, లిథువేనియా, ఉక్రెయిన్ ప్రాంతాల చిన్న చిన్న ఊళ్ళలో యూదులు చెక్కతోనే ప్రార్థనా మందిరాలు కట్టుకున్నారు. తోరా బీరువా పైన పది ఆజ్ఞల పలకలకు అటూ ఇటూ సింహాలు, వాటి చుట్టూ తీగలు, జింకలు, గద్దలు చెక్కేవారు. విగ్రహారాధన నిషేధం కాబట్టి మనిషి ముఖం చెక్కడానికి చాలా వరకు వెనకాడేవారు. మనిషి రావలసిన చోట రెండు చేతులు మాత్రమే ఉండేవి. అవి పూజారి దీవించే చేతులు. సమాధి రాళ్ళ మీద కూడా ఇలాంటి గుర్తులే. దీవించే చేతులుంటే పూజారుల వంశం. నీళ్ళ కూజా ఉంటే లేవీయుల వంశం. శుక్రవారం సాయంత్రం ఇంట్లో కొవ్వొత్తులు వెలిగించేది స్త్రీలు కాబట్టి కొవ్వొత్తుల సెమ్మె ఉంటే అది స్త్రీ సమాధి. విరిగిన కొమ్మ ఉంటే చిన్న వయసులోనే పోయారని అర్థం. అక్షరాలు రానివాళ్ళు కూడా ఆ రాళ్ళను చదవగలరు. వీటిని చెక్కినవాళ్ళలో చాలామంది పేర్లు ఎవరికీ తెలియవు. అది రోజూ కళ్ళముందుండే పని, గొప్ప కోసం చేసినది కాదు.

1880ల నుంచి పేదరికం, దాడులు తట్టుకోలేక లక్షల మంది యూదులు ఓడలెక్కి అమెరికా వెళ్ళిపోయారు. వాళ్ళలో చెక్కడపు పనివాళ్ళూ ఉన్నారు. కొత్త దేశంలో మందిరాల పని ఒక్కటే కడుపు నింపదు. అదే సమయంలో న్యూయార్క్ దగ్గర కోనీ ఐలాండ్‌లో రంగులరాట్నాలు జోరుగా తిరుగుతున్నాయి. వాటికి చెక్క గుర్రాలు కావాలి. లిథువేనియాలో పుట్టిన మార్కస్ ఇలియన్స్ అక్కడే కార్ఖానా పెట్టాడు. గాలికి ఎగిరే జూలుతో, ఆ జూలుకు బంగారు రేకుతో ఆయన చెక్కిన గుర్రాలు పేరు తెచ్చుకున్నాయి. చార్లెస్ కార్మెల్, స్టైన్, గోల్డ్‌స్టైన్ కూడా అలా వచ్చినవాళ్ళే. 2007లో న్యూయార్క్‌లోని అమెరికన్ జానపద కళల మ్యూజియం మందిరాల సింహాలనూ రంగులరాట్నం గుర్రాలనూ ఒకేచోట పెట్టి ప్రదర్శన జరిపింది.

దేవుడి పనికి నేర్చిన విద్యతో పిల్లల ఆట గుర్రాలు చేయడం తప్పని కొందరికి అనిపించవచ్చు. నాకలా అనిపించలేదు. గుర్రం చేసిన చెయ్యి సింహాన్ని మరిచిపోదు. పని దొరకక ఆ చెయ్యి ఖాళీగా కూర్చుని ఉంటే రెండూ పోయేవి.

కొచ్చి విషయంలో ఇంకోలా జరిగింది. 1950లలో అక్కడి యూదుల్లో చాలామంది ఇజ్రాయెల్ వెళ్ళిపోయారు. మట్టాంచేరిలోనే ఉన్న కడవుంభాగం అనే మరో సినగాగ్ ఖాళీ అయింది. తామరపువ్వులు చెక్కిన దాని పైకప్పునూ లోపలి చెక్కపనినీ తరవాత విప్పి, జెరూసలేంలోని ఇజ్రాయెల్ మ్యూజియంలో మళ్ళీ బిగించారు. ఇక్కడ మిగిలిన పాత కట్టడం ముందు భాగం 2019 వానలకు కూలిపోయింది. విప్పి తీసుకుపోకపోతే ఆ తామరలు కూడా మట్టిలో కలిసేవేమో. అవి దక్కినందుకు నాకు సంతోషమే. కానీ ఇప్పుడు వాటి కింద నిలబడేవాళ్ళు చూసిపోవడానికి వచ్చినవాళ్ళు. పండుగకు వచ్చినవాళ్ళు కాదు.

పోలండ్ కథ తలచుకుంటే బాధ కలుగుతుంది. రెండో ప్రపంచ యుద్ధంలో నాజీలు అక్కడి యూదుల్లో సుమారు 30 లక్షల మందిని చంపారు. చెక్క మందిరాలను తగలబెట్టారు. అయితే యుద్ధానికి ముందే వార్సా పాలిటెక్నిక్ విద్యార్థులు ఊరూరా తిరిగి చాలా మందిరాలను టేపు పెట్టి కొలిచి, బొమ్మలు గీసి ఉంచారు. ఆ కాగితాల వల్లే వాటిలో చాలావాటి రూపం ఈరోజు మనకు తెలుస్తోంది. గ్వోజ్జెట్స్ అనే ఊరి మందిరానికి కూడా ఇలాగే పాత చిత్రాలు, కొలతలు మిగిలాయి. వాటిని చూసుకుంటూ ఎన్నో దేశాల విద్యార్థులు, వడ్రంగులు పాతకాలపు పనిముట్లతోనే దాని పైకప్పును మళ్ళీ తయారుచేశారు. అది ఇప్పుడు వార్సాలోని పోలిన్ మ్యూజియంలో ఉంది. పైకప్పు తిరిగి వచ్చింది గానీ దాని కింద ప్రార్థన చేసినవాళ్ళు తిరిగి రాలేదు.

అందుకే మన బదిలీలను వాళ్ళ కష్టంతో పోల్చకూడదు. మనకు బదిలీ ఆర్డరు వస్తుంది, క్వార్టరు ఉంటుంది, సామాను లారీకి ప్రభుత్వం డబ్బిస్తుంది. మనల్ని ఎవరూ తరమడం లేదు. అంత కష్టంలో ఉన్నవాళ్ళే ఇంత కాపాడుకున్నప్పుడు, అన్నీ ఉన్న మనం "మాకు ఊరు లేదు కాబట్టి ఏమీ రాదు" అంటే అది సాకే అవుతుంది. బంధువుల మాటలో నిజమున్న సగం ఏమిటంటే, ఊళ్ళో ఉంటే చూస్తూ చూస్తూ వచ్చే పనిని మనం అడిగి మరీ నేర్చుకోవాలి.

మా నానమ్మ సంక్రాంతికి బొమ్మల కొలువు పెడుతుంది. మేం ఆ బొమ్మల్ని పాత చీరల్లో చుట్టి ప్రతి ఊరికీ మోసుకెళ్ళాం. ఒక్క బొమ్మ కూడా పగలలేదని నేను గర్వపడేదాన్ని. కానీ ఏ మెట్టు మీద ఏ బొమ్మ, ఎందుకు పెట్టాలో నేనెప్పుడూ అడగలేదు. అంటే ఇన్నాళ్ళూ నేను చేసింది మ్యూజియం పనే.

మన స్కూల్లో ఒక్కో క్లాసులో పది రాష్ట్రాల పిల్లలుంటారు. క్రాఫ్టు పీరియడ్‌లో అందరం ఒకే థర్మోకోల్ ఇల్లు చేసే బదులు, ఎవరింటి పని వాళ్ళు పెద్దవాళ్ళనడిగి నేర్చుకుని వస్తే బాగుంటుందని నా అభిప్రాయం. ముగ్గు కావచ్చు, అల్లిక కావచ్చు, మట్టి దీపం కావచ్చు. ఒకసారి కొలిచి నోటుబుక్కులో గీసుకోవాలి, ఒకసారైనా చేత్తో చెయ్యాలి, పక్క బెంచీవాళ్ళకు నేర్పాలి. వచ్చే ఏడు మనలో ఎవరు ఏ ఊళ్ళో ఉంటామో తెలియదు. నేను మాత్రం ఈ సెలవుల్లో నానమ్మ పక్కన పెన్సిలు పట్టుకుని కూర్చోబోతున్నాను.