కోడె మొండికేస్తే...

సోమవారం వేములవాడ రాజన్న గుడికి వెళ్తే కోడె మొక్కులు చూడాల్సిందే. పిల్లాపాపలతో వచ్చిన కుటుంబం పగ్గం పట్టుకుని కోడెతో గుడి చుట్టూ తిరిగి, కట్టేసి దండం పెట్టుకుంటుంది. కొన్ని కోడెలు బుద్ధిగా వెంట నడుస్తాయి. కొన్ని నాలుగడుగులేసి మొండికేస్తాయి. పగ్గం లాగేకొద్దీ ఇంకా బిగదీసుకుంటాయి. కాసేపు ఆగి, వీపు నిమిరితే కదులుతాయి. నోరులేని జీవి దగ్గర చూపించే ఆపాటి ఓపిక, పక్కనున్న సొంత మనిషి దగ్గర మాత్రం కరవే!

క్యూలైన్లో మాటలు వినండి... 'జల్ది కానియ్యుండ్రి, బస్సు పోతది' అంటాడు అన్న. 'టికెట్లు ఏ కౌంటర్ల ఇస్తరో ముందుగాల అడగద్దా?' అంటుంది వదిన. 'రాకరాక వచ్చినం, నిమ్మళంగ చూద్దాం' అంటుంది అమ్మ. ఏమడిగినా 'మీ ఇష్టం' అంటాడు తమ్ముడు. సాయంత్రానికి మొక్కు తీరుతుంది కానీ మాటలు బందవుతాయి.

ఎవరి తీరు వారిది

ఈ నలుగురిలో చెడ్డవాళ్లెవరూ లేరు. ఒకరికి పని కావాలి, ఒకరికి వివరం కావాలి, ఒకరికి సంబరం కావాలి, ఇంకొకరికి గొడవ లేకుంటే చాలు. స్విట్జర్లాండ్ మానసిక వైద్యుడు కార్ల్ యుంగ్ 1921లో మనస్తత్వ రకాల మీద పుస్తకం రాశారు. అంతర్ముఖులు, బహిర్ముఖులు అన్న విభజనకు దాంతోనే ప్రచారం వచ్చింది. అలాగని ఈ పేర్లను నుదుటిరాతలా తీసుకోకూడదు. ఇంట్లో నోరు విప్పని తమ్ముడు, సిరిసిల్లలో మరమగ్గాల దగ్గర స్నేహితులతో గలగలా మాట్లాడుతుండవచ్చు!

అసలు చిక్కు మరోచోట ఉంది. ఎదుటివారు ఏం చేసినా అది వాళ్ల గుణమే అనుకుంటాం, అప్పటి పరిస్థితిని మరచిపోతాం. 1977లో ఈ పొరపాటుకు ఓ పేరు పెట్టి చర్చకు తెచ్చింది అమెరికా మనస్తత్వవేత్త లీ రాస్.

ఇలా మాట్లాడి చూడండి

* తొందరపడేవారికి ముందు తేల్చి చెప్పండి. 'మూడింటికల్లా బస్టాండుల ఉంటం' అంటే వారి మనసు కుదుటపడుతుంది.

* వివరాలు అడిగేవారిని విసుక్కోవద్దు. టికెట్లు, గది, బస్సు వేళల పని వారికే అప్పగించండి.

* సంబరపడేవారి మాట పూర్తిగా విన్నాకే గడియారం చూపించండి.

* 'మీ ఇష్టం' అనేవారిని 'బద్ది పోచమ్మ గుడికి ఇప్పుడు పోదామా, తిన్నంక పోదామా?' అని అడగండి. జవాబు వచ్చేదాకా ఆగండి. ఒకప్పుడు చెప్పిన మాటను ఎవరూ పట్టించుకోకపోవడం వల్లే వారు మౌనం పట్టి ఉండవచ్చు.

* 'నువ్వెప్పుడూ ఇంతే' అన్నమాట మానేయండి. జరిగిందేమిటి, దాంతో వచ్చిన ఇబ్బందేమిటి, ఇకపై ఏం కావాలి... ఈ మూడూ చెబితే చాలు.

అయితే తిట్టడం, కొట్టడం, నలుగురిలో అవమానించడం మాత్రం 'తీరు' కిందకు రావు. వాటికి సర్దుకుపోనక్కర్లేదు.

యాత్రలో చిరాకు రెండ్రోజుల్లో పోతుంది. కానీ అమ్మ మందుల ఖర్చు, పొలం పంపకాలు మాట్లాడుకోవాల్సిన రోజున ఈ నలుగురే ఒకచోట కూర్చోవాలి. ఆ రోజు అందరికీ నోరు పెగలాలంటే, ఒకరి మాట ఒకరు వినే అలవాటు చిన్న విషయాలతోనే మొదలవ్వాలి.