పత్తి గింజ మీద తీర్పు చెప్పాల్సింది ఎవరు?

జూన్ మొదట్లో గుంటూరులోనో, చిలకలూరిపేటలోనో, పర్చూరులోనో విత్తనాల షాపు ముందు ఓ పది నిమిషాలు నిలబడండి. రైతు అడిగేది రెండే మాటలు: ఏ రకం, ఎంత? ఆ ‘ఎంత’ వెనక పదిహేనేళ్లు నడిచిన కోర్టు కథ ఉంది. దాన్ని మనలో ఎంతమంది ఫాలో అయ్యాం? నేనైతే బీటెక్ అయిపోయేదాకా కాలేదు. మా ఇంట్లో పత్తి వేస్తారు, అయినా సరే.

కథ క్లుప్తంగా చెప్తాను. బీటీ పత్తికి మన దేశంలో 2002లో అనుమతి వచ్చింది. 2005 నాటికి 450 గ్రాముల ప్యాకెట్ ధర 1,850 రూపాయల దాకా వెళ్లింది. అందులో 1,250 రూపాయలు గింజకి కాదు, గింజలోని జన్యువుకి. మోన్‌శాంటో వాళ్ల టెక్నాలజీ ఫీజు అన్నమాట. తమాషా ఏంటంటే, ఆ మొదటి రకం జన్యువుకు ఇక్కడ పేటెంటే లేదు, లైసెన్సు ఒప్పందాల మీదే వసూలు నడిచింది. అప్పటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 2006లో గుత్తాధిపత్య వ్యాపారాలను విచారించే కమిషన్‌కి వెళ్లింది. ఆ ఏడాదే ప్యాకెట్ ధర 750కి దిగింది. ఒక రాష్ట్రం అంత పెద్ద కంపెనీని అలా ఢీకొట్టడం చిన్న విషయం కాదు. అది చేసింది మన రాష్ట్రమేనని మనమే మర్చిపోయాం.

అసలు పేటెంట్ తర్వాత వచ్చింది. రెండో తరం బీటీకి సంబంధించి 2008లో మంజూరైంది. ఫీజు ఎంత కట్టాలన్న దగ్గర 2015లో మోన్‌శాంటోకీ, మన నూజివీడు సీడ్స్‌కీ చెడింది. గొడవ ఢిల్లీ హైకోర్టుకెక్కింది. 2018 ఏప్రిల్‌లో ఇద్దరు జడ్జీల బెంచ్ ఆ పేటెంటే చెల్లదంది. మొక్కలు, విత్తనాలు, వాటి భాగాలు పేటెంట్‌కి పనికిరావని మన చట్టంలో సెక్షన్ 3(జె) చెబుతోంది కదా అన్నది వాళ్ల లెక్క. 2019 జనవరి 8న సుప్రీంకోర్టు దాన్ని పక్కన పెట్టింది. ఇంత సాంకేతికమైన విషయాన్ని నిపుణుల సాక్ష్యం వినకుండా తేల్చకూడదు, విచారణ జరపండి అని కేసును వెనక్కి పంపింది. విచారణ ముగిసేలోపు 2019 నవంబరులోనే పేటెంట్ గడువు తీరిపోయింది. 2021లో రెండు కంపెనీలూ రాజీపడ్డాయి.

అంటే పత్తి గింజలోని జన్యువు మీద పేటెంట్ చెల్లుతుందా, చెల్లదా? నేటికీ తుది జవాబు లేదు. జడ్జీలు చేతకానివాళ్లని నేననడం లేదు. ఎలక్ట్రాన్లో, ఎంజైములో ఒంటబట్టినవాళ్లు ఆ గదిలో ముందునుంచే ఉండి ఉంటే ఈ కేసు ఇంతకాలం సాగేదా అన్నదే నా సందేహం.

ఇక్కడే మీకొక కెరీర్ చూపించాలి. పేరు కింబర్లీ మూర్. ఆవిడ చదివింది ఎలక్ట్రికల్ ఇంజినీరింగ్, మన ట్రిపుల్‌ఈ అనుకోండి. ఎంఐటీలో 1990లో బీఎస్, 1991లో ఎంఎస్. అమెరికా నౌకాదళ పరిశోధన కేంద్రంలో ఇంజినీరుగా పనిచేశారు. తర్వాత జార్జ్‌టౌన్‌లో లా, కొంతకాలం లా ఫర్మ్, రెండేళ్లు ఒక ఫెడరల్ జడ్జి దగ్గర క్లర్క్. ఆపైన తొమ్మిదేళ్లు యూనివర్సిటీల్లో పాఠాలు చెప్పారు, చివరి మజిలీ జార్జ్ మేసన్. 2006లో నేరుగా ఫెడరల్ సర్క్యూట్ అప్పీల్ కోర్టు జడ్జి. 2021 మేలో అదే కోర్టుకి చీఫ్ జడ్జి. అమెరికా పేటెంట్ కేసుల అప్పీళ్లన్నీ వెళ్లే కోర్టు అది, 1982లో పెట్టారు.

ప్రొఫెసర్‌గా ఆవిడ వేసిన ప్రశ్నే నాకు బాగా నచ్చింది: మామూలు జిల్లా జడ్జీలకు పేటెంట్ కేసులు తేల్చే సత్తా ఉందా? ఊరికే అభిప్రాయం చెప్పకుండా లెక్క తీశారు. అప్పీలుకు వచ్చినవాటిలో దాదాపు మూడో వంతు కేసుల్లో పేటెంట్ పదాల అర్థాన్ని కింది కోర్టు తప్పుగా తీసుకుందని 2001లో ప్రచురించారు. అయిదేళ్లు తిరక్కుండా అలాంటి అప్పీళ్లు వినే కుర్చీలోనే కూర్చున్నారు. నిపుణులుంటే అన్నీ సవ్యంగా ఉంటాయని కూడా కాదు. కెమిస్ట్రీలో పీహెచ్‌డీ ఉన్న పాలీన్ న్యూమన్ అనే సీనియర్ జడ్జికి అదే కోర్టు 2023 నుంచి కొత్త కేసులివ్వడం ఆపేసింది. ఆ వయసులో ఆమె పని చేయగలరా లేదా అన్నది అక్కడ పెద్ద రచ్చ.

మరి మూర్ దారి మనకుందా? సూటిగా చెప్పాలంటే లేదు. హైకోర్టు జడ్జి కావాలంటే పదేళ్లు న్యాయవాదిగానో, న్యాయాధికారిగానో ఉండాలి. లా ప్రొఫెసర్‌గా ఎన్నేళ్లు చెప్పినా లెక్కలోకి రాదు. పైగా ఫుల్‌టైమ్ జీతం మీద లా పాఠాలు చెప్పేవాళ్లు కోర్టులో వాదించడానికి వీల్లేదు. 1976లో 42వ రాజ్యాంగ సవరణ పేరున్న న్యాయకోవిదులకి హైకోర్టు తలుపు తీసింది, రెండేళ్లకే 44వ సవరణ మూసేసింది. సుప్రీంకోర్టుకి మాత్రం ఆ వెసులుబాటు 124వ అధికరణంలో మొదటినుంచీ ఉంది. ఇంతవరకు ఆ దారిన ఒక్కరూ రాలేదు. మన తెలుగువాడు, నల్సార్ ప్రొఫెసర్ మాడభూషి శ్రీధర్ 2013లో కేంద్ర సమాచార కమిషనర్ అయ్యారు. పాఠాలు చెప్పే మనిషి తీర్పులిస్తే ఎలా ఉంటుందో అక్కడ కొంత చూశాం. కోర్టుల్లో అదీ లేదు. ఈ తలుపు తీయాలనే నా అభిప్రాయం. కనీసం ఢిల్లీ హైకోర్టు మేధోసంపత్తి విభాగం 2022 నియమాల్లో నిపుణుల సాయం తీసుకునే వీలు పెట్టుకుంది. కొంత నయం.

సరే, జడ్జి సంగతి తర్వాత. మీ చేతిలో ఇప్పుడేముంది? ఇంజినీరింగ్ లేదా సైన్స్ డిగ్రీ, 21 ఏళ్లు నిండిన వయసు, భారత పౌరసత్వం. ఇవి ఉంటే పేటెంట్ ఏజెంట్ పరీక్ష రాయొచ్చు, లా డిగ్రీ అక్కర్లేదు. పాసైతే పేటెంట్ దరఖాస్తులు తయారుచేయొచ్చు, పేటెంట్ ఆఫీసులో క్లయింటు తరఫున హాజరు కావొచ్చు. మనకి చెన్నై ఆఫీసు వర్తిస్తుంది. కోర్టులో వాదించడానికి మాత్రం కుదరదు. ఇంకో ఇబ్బంది, ఈ పరీక్ష ప్రతి ఏడాదీ పెట్టరు. 2018 తర్వాత మళ్లీ 2023లోనే జరిగింది. నోటిఫికేషన్ వచ్చాక చదువుదాంలే అనుకుంటే పనవదు. మా కాలేజీలో నాలుగేళ్లూ ప్లేస్‌మెంట్ ట్రైనింగ్ ఇచ్చారుగానీ ఇలాంటి పరీక్ష ఒకటుందని ఒక్కరూ చెప్పలేదు.

కోర్టు దాకా వెళ్లాలంటే మూడేళ్ల ఎల్‌ఎల్‌బీ చేయాలి. లాసెట్ రాసి ఇక్కడే చదవొచ్చు. ఐఐటీ ఖరగ్‌పూర్‌లో 2006లో పెట్టిన మేధోసంపత్తి లా స్కూల్ అయితే ఇంజినీరింగ్, సైన్స్ చదివినవాళ్ల కోసమే పుట్టింది. ఉద్యోగం మానలేనివాళ్లకి నల్సార్ దూరవిద్యలో పేటెంట్ చట్టం డిప్లొమా ఉంది. డబ్బు సంగతి దాచను. జూనియర్ లాయర్‌గా మొదటి రెండు మూడేళ్లూ మీ సాఫ్ట్‌వేర్ ఫ్రెండ్ జీతం ముందు మీది వెలవెలబోతుంది. ఇంట్లో ఈఎంఐలుంటే ముందు ఏజెంట్ పరీక్షే మేలు.

అగ్రికల్చర్ బీఎస్సీ చేసినవాళ్లు ఇది ఇంజినీర్ల గోల అనుకోవద్దు. లాం ఫారంలో పుట్టిన ఎల్‌సీఏ 334 లాంటి మిర్చి రకాలున్నాయి కదా. కొత్త వంగడాల హక్కులకి 2001 నాటి వేరే చట్టం ఉంది. రైతు తన పంట గింజ దాచుకోవచ్చు, ఇచ్చిపుచ్చుకోవచ్చు, బ్రాండ్ వేయకుండా అమ్ముకోవచ్చు అని అందులో 39వ సెక్షన్ చెబుతుంది. గింజ, జన్యువు, పేటెంట్ మూడూ కలిసే ఇలాంటి కేసులో మీకు తెలిసినంత నాలాంటి ట్రిపుల్‌ఈ వాడికి తెలీదు. మా నాన్నకి సెక్షన్ 3(జె) గురించి చెప్తే అంతా విని, “అయితే ఈసారి ప్యాకెట్ ఎంతంటా?” అన్నాడు.