గ్రహణం కాదు, మాత్ర

"గ్రహణం పూట కత్తిపీట పట్టానట" అంది నెమలిలో ఒకామె. వెన్ను మూసుకోకుండా పుట్టిన బిడ్డ దక్కలేదు. మొగుడి ఊసు ఎవరూ ఎత్తలేదు!

పిండానికి వెన్ను, మెదడు మూసుకునేది మొదటి 28 రోజుల్లోనే. అప్పటికి గర్భం వచ్చిన సంగతే చాలామందికి తెలియదు. ఆమెకు మాత్రలందింది మూడో నెల దాటాక. గర్భానికి ముందునుంచే రోజూ 4 మిల్లీగ్రాముల ఫోలిక్ ఆమ్లం ఇస్తే ఇలాంటి కాన్పు మళ్ళీ వచ్చే ముప్పు 72 శాతం తగ్గిందని 1991లోనే బ్రిటన్ పరిశోధన తేల్చింది. 1945లో ఆ విటమిన్‌ను తయారుచేసిన లెడర్లీ పరిశోధకులకు పెద్ద, మన భీమవరం యల్లాప్రగడ సుబ్బారావు. ఆయన పేర తపాలా బిళ్ళ వేసుకున్నాం.

2018 నాటి ఎనీమియా ముక్త్ భారత్‌లో గర్భం లేని 20-49 ఏళ్ళ స్త్రీలకూ వారానికో ఐరన్-ఫోలిక్ మాత్ర రాసి ఉంది. ఒకసారి ఇలా బిడ్డను పోగొట్టుకున్నవారికి అది చాలదు, డాక్టరు రాసే పెద్ద మోతాదు కావాలి. మీ ఊరి ఏఎన్ఎమ్ దగ్గర ఆ ఎర్ర మాత్రలు ఎవరికి అందుతున్నాయో అడిగి మాకు రాయండి.