ఆట అనబడిన శ్రమ

రైల్వేలో గాని, తపాలా శాఖలో గాని చేరిన ఉద్యోగికి పని గంటల లెక్క, సెలవుల లెక్క, భవిష్యనిధి లెక్క ఉంటాయి. ఇవి దయాభిక్షగా లభించినవి కావని ఈ పత్రిక పాఠకులకు వేరుగా చెప్పనవసరం లేదు. అమెరికా టెలివిజన్ తొలినాళ్లలో ఇంటింటా పేరు మోగిన ఒక ఎనిమిదేళ్ల కార్మికుని చరిత్రను ఈ దృష్టితోనే చూడవలసి ఉన్నది. కార్మికుడు అను మాటను తెలిసియే వాడుతున్నాను.

1959 అక్టోబరులో సి.బి.ఎస్. సంస్థ ‘డెనిస్ ద మెనేస్’ అను హాస్య ధారావాహికను ప్రారంభించినది. పత్రికా కార్టూన్ల నుండి పుట్టిన ఆ అల్లరి పిల్లవాని పాత్రను జే నార్త్ ధరించినాడు. తల్లి ఒంటరిగా పెంచిన బిడ్డ. ఆమె ఉద్యోగం, చిత్రమేమంటే, టెలివిజన్, రేడియో కళాకారుల యూనియన్ కార్యాలయంలోనే! నాలుగేళ్లలో 146 భాగాలు తయారైనవి. చిత్రీకరణ నడుమనే చదువు. సెలవు దినాలలో ప్రచార యాత్రలు. దేశాన్ని నవ్వించిన ఆ రోజుల్లోనే, తప్పు దొర్లినప్పుడు సంరక్షకురాలైన బంధువు చేతిలో దెబ్బలు తిన్నానని నార్త్ పెద్దవాడైన తరువాత బహిరంగంగా చెప్పినాడు. 1963లో ధారావాహిక ఆగిపోయినది. పదకొండేళ్లకే ఆయన ‘మాజీ’ అయినాడు. నిర్మాతల కంటికి డెనిస్‌గా తప్ప మరొకనిగా కనబడలేదు.

చట్టం ఏమి చేసినది? బాలకార్మికతపై ఆంక్షలు విధించిన 1938 నాటి అమెరికా సమాఖ్య చట్టం నటించు పిల్లలను మాత్రం మినహాయించినది. గనిలో దిగిన బిడ్డది శ్రమ, దీపాల వేడిలో నిలిచిన బిడ్డది ఆట! కాలిఫోర్నియా రాష్ట్రం పని గంటలకు, చదువుకు కొన్ని నిబంధనలు పెట్టినమాట నిజమే. అదే 1938లో, చాప్లిన్ ‘ది కిడ్’ చిత్రంలో నటించిన జాకీ కూగన్ తన బాల్యపు ఆర్జన కోసం తల్లిపైన, మారుతండ్రిపైన దావా వేసినాడు. లక్షల డాలర్లు సంపాదించినవానికి దక్కినది సుమారు 1,26,000. మరుసటి ఏడు కూగన్ చట్టం వచ్చినది గాని, న్యాయస్థానం ముందుకు రాని ఒప్పందాలు దానికి అందలేదు.

ఆ లొసుగు మూయుటకు అరువదేళ్లు పట్టినది. 1990లో రస్టీ హామర్ అను మాజీ బాలనటుడు ఆత్మహత్య చేసుకొనగా, తానూ బాలనటుడైన పాల్ పీటర్సన్ తోటివారిని కూడగట్టి ఒక సంస్థను నెలకొల్పినాడు. నటుల యూనియన్, ఈ సంస్థ కలిసి చేసిన కృషి వలన 2000లో చట్టం సవరింపబడినది. బిడ్డ ఆర్జన బిడ్డదేనని, 15 శాతం విధిగా ట్రస్టులో జమ కావాలని నిర్ణయమైనది.

నార్త్ మన దేశానికీ వచ్చినాడు. 1966 నాటి ‘మాయా’ చిత్రం, తరువాత అదే పేరుతో వచ్చిన ధారావాహిక ఇక్కడే చిత్రింపబడినవి. ‘మదర్ ఇండియా’ బాలనటుడు సాజిద్ ఖాన్ ఆయన సహనటుడు. అనంతరం నార్త్ నౌకాదళంలోను, ఫ్లోరిడా జైళ్ల శాఖలోను పనిచేసి 2025లో మరణించినాడు.

మన దేశంలో 2017 నిబంధనల ప్రకారం బాలకళాకారుని పని రోజుకు ఐదు గంటలు మించరాదు. ఆదాయంలో కనీసం 20 శాతం వాని పేర జాతీయ బ్యాంకులో ఫిక్సెడ్ డిపాజిట్ చేయాలి. మిగిలిన 80 శాతానికి అట్టి రక్షణ లేదు. నిర్మాత జిల్లా మేజిస్ట్రేటు అనుమతి పొందాలి. ఆ అనుమతి పత్రాన్ని, డిపాజిట్ రశీదును చూపమని అడుగు హక్కు కార్మిక సంఘాలకు కూడా ఇవ్వాలని మనం కోరాలి.