పేరు పెట్టని తుఫాన్లకు మునిగేది మన ఊళ్లే

2025 అక్టోబర్ 28 రాత్రి మొంథా తుఫాను నరసాపురం దగ్గర తీరం దాటింది. ఆ రెండు మూడు రోజులూ టీవీ పెడితే మొంథా, ఫోన్ తీస్తే మొంథా. ఎంత వేగంతో వస్తోంది, ఎక్కడ దాటుతుంది, ఏ జిల్లాకు ఏ రంగు హెచ్చరిక, అన్నీ గంట గంటకూ చెప్పారు. మంచిదే. 1977 నవంబర్ 19న దివిసీమ ఉప్పెనలో పది వేల మంది పోయారు. 1996 నవంబర్ 6న కోనసీమ తుఫానులో వెయ్యి మందికి పైగా పోయారు, కొబ్బరి చెట్లు లక్షల్లో నేలకూలాయి. వాటితో పోలిస్తే ఇప్పుడు తీరంలో ప్రాణనష్టం చాలా తగ్గింది. ఉపగ్రహాలు, రాడార్లు, తుఫాను షెల్టర్లు, వీటి వెనకున్న శాస్త్రవేత్తల కష్టం వల్లే అది. దాన్ని తక్కువ చేసి మాట్లాడకూడదు.

నేను అడిగేది వేరే. 1986 ఆగస్టులో గోదావరి మన ఊళ్ల మీదికి వచ్చింది కదా, దానికి ఏం పేరు? 2022 జూలైలో వచ్చిన దానికి ఏం పేరు? ఏ పేరూ లేదు. మన ముసలోళ్లు "ఎనభై ఆరు వరద" అంటారు, అంతే. కూనవరం, వి.ఆర్.పురం, చింతూరు, ఎటపాక, కుక్కునూరు, వేలేరుపాడు, దేవీపట్నం మండలాల్లో ఎవరినైనా అడగండి, పేరున్న తుఫానుల కంటే ఈ పేరులేని వాటికే ఎక్కువ భయపడతారు. ఎందుకిలా? ఇది తెలియాలంటే తుఫానుల చదువు ఎక్కడ పుట్టిందో, ఏం కొలుస్తుందో చూడాలి.

ఈ చదువుకు మన గోదావరి మొగతోనే సంబంధం ఉంది. కాకినాడ పక్కన కోరంగి అప్పట్లో పెద్ద ఓడరేవు. 1789లో ఒకసారి, 1839 నవంబర్‌లో ఇంకోసారి ఉప్పెన వచ్చి ఆ రేవును ఊడ్చేసింది. కలకత్తాలో ఉండే హెన్రీ పిడింగ్టన్ అనే ఆయన ఓడల్లో రాసిపెట్టిన గాలి లెక్కలన్నీ పోగేసి ఇలాంటి తుఫాన్లను చదివాడు. గాలి సుడి తిరుగుతుందని చెప్పడానికి 1848లో ఒక మాట పుట్టించాడు. అదే 'సైక్లోన్'. పాము చుట్ట అనే అర్థం వచ్చే గ్రీకు మాట నుంచి తీసుకున్నాడు. అమెరికా వైపు వస్తే హరికేన్ అంటారు, జపాన్ వైపు టైఫూన్ అంటారు, మనవైపు సైక్లోన్. జాతి ఒకటే.

ఇక్కడ ఒక సంగతి గమనించండి. ఆ చదువు ఓడల కోసం మొదలైంది. ఓడకు ముందు భయం గాలి. అందుకే గాలిని కొలిచారు. నేటికీ భారత వాతావరణ శాఖ కొలబద్ద గాలే. సుడిలో గాలి గంటకు 62 కిలోమీటర్లు దాటితేనే తుఫాను, దానికే పేరు. అంతకంటే తక్కువైతే తీవ్ర వాయుగుండం, ఇంకా తక్కువైతే వాయుగుండం, అల్పపీడనం. వీటికి పేర్లుండవు. ఉత్తర హిందూ మహాసముద్రంలో పేర్లు పెట్టడం 2004లో మొదలైంది. అప్పటి నుంచి పేరున్నదానికే కెమెరాలు, పేరున్నదానికే మంత్రుల సమీక్షలు.

కానీ మన మీదికి వచ్చేది గాలి కాదు, నీళ్లు.

జూలై, ఆగస్టుల్లో బంగాళాఖాతం వేడిగానే ఉంటుంది. తుఫాను పుట్టాలంటే నీటి వేడి సుమారు 26.5 డిగ్రీలు దాటాలి, అది దాటే ఉంటుంది. అయినా ఆ నెలల్లో పెద్ద తుఫాన్లు అరుదు. ఎందుకంటే రుతుపవనాల కాలంలో కింద గాలి పడమర నుంచి వస్తుంది, పైన ఎత్తులో తూర్పు నుంచి వస్తుంది. ఈ రెండూ సుడిని నిలువునా లేవనివ్వవు, చెదరగొడతాయి. అందుకే అది వాయుగుండంగానే ఉండిపోతుంది. గాలి తక్కువే, కానీ కడుపు నిండా నీళ్లు. ఒడిశా తీరం దాటి ఛత్తీస్‌గఢ్, విదర్భ వైపు మెల్లగా నడుస్తూ దారంతా కురుస్తుంది. ఆ నీళ్లు ఇంద్రావతిలోకి, ప్రాణహితలోకి, సీలేరు శబరిల్లోకి దిగుతాయి. అన్నీ కలిసి మన దగ్గరికే వస్తాయి. ముందు పాపికొండల ఇరుకు. ఏరు అక్కడ సన్నబడుతుంది కాబట్టి వెనక ఉబ్బుతుంది. గోదావరి నిండుగా ఉంటే కూనవరం దగ్గర శబరి కలవలేక వెనక్కి తన్నుతుంది. చింతూరు దారి తెగిపోయేది ఇలాగే. మన ఊళ్లో చుక్క వాన లేకపోయినా మనం మునగొచ్చు.

లెక్క చూడండి. భద్రాచలం దగ్గర మూడో ప్రమాద హెచ్చరిక 53 అడుగులు. 1986 ఆగస్టు 16న 75.6 అడుగులు వచ్చింది, ఆ వరదలో ధవళేశ్వరం దగ్గర 35 లక్షల క్యూసెక్కులు దాటింది. 2022 జూలై 16న 71.3 అడుగులు. మనవాళ్లు మేకల్ని, పిల్లల్ని, బియ్యం మూటల్ని తీసుకుని గుట్టలెక్కి టార్పాలిన్ల కింద రోజులు గడిపారు. ఈ రెండింటికీ పేర్ల పట్టికలో చోటు లేదు.

ఇప్పుడు వాతావరణ మార్పు సంగతి. మన సభల్లో కొందరు "ప్రతి తుఫానూ క్లైమేట్ చేంజే" అంటుంటారు. అలా అనకండి. సైన్స్ అలా చెప్పడం లేదు, తప్పు చెబితే మన వాదనే ఓడిపోతుంది. బంగాళాఖాతంలో తుఫాన్ల సంఖ్య పెరగలేదు. వానాకాలం వాయుగుండాల సంఖ్య కూడా గత కొన్ని దశాబ్దాల్లో తగ్గింది. పెరిగినవి వేరే. ప్రపంచం మొత్తం మీద తుఫాన్లలో బాగా తీవ్రమైన వాటి వాటా గత నలభై ఏళ్లలో పెరిగి ఉండొచ్చని ఐక్యరాజ్యసమితి వాతావరణ మార్పుల సంఘం 2021 నివేదికలో చెప్పింది. గాలి ఒక డిగ్రీ వేడెక్కితే సుమారు 7 శాతం ఎక్కువ నీటి ఆవిరిని మోయగలదు. అంటే అదే వాయుగుండం ముందుకంటే బరువైన వాన కురవగలదు.

మనకు అన్నిటికంటే ముఖ్యమైన పరిశోధన ఇంకోటి ఉంది. పుణెలోని భారత ఉష్ణమండల వాతావరణ సంస్థ శాస్త్రవేత్త రాక్సీ మాథ్యూ కోల్ బృందం 2017లో ప్రచురించింది. 1950 నుంచి 2015 దాకా చూస్తే మధ్య భారతంలో విస్తారంగా పడే అతి భారీ వర్షాలు మూడు రెట్లయ్యాయి. అందులో అరేబియా సముద్రం వేడెక్కి పంపుతున్న తేమ పాత్ర కూడా ఉందని చెప్పారు. మధ్య భారతం అంటే ఎక్కడో కాదు. గోదావరి నీళ్లు చాలావరకు పుట్టే నేల అదే. మొత్తం వాన పెరగలేదు, కొన్ని రోజుల్లోనే కుమ్మరిస్తోంది. పోడు చేనుకు అదీ నష్టమే, ఏటి పక్క ఊరికి అదీ నష్టమే.

అయితే వాన ఎంత కురిసిందన్నది సగం కథ. ఆ నీళ్లు ఎవరి ఇంట్లో నిలబడతాయన్నది మిగతా సగం. అది ఆకాశం తేల్చేది కాదు, ఆఫీసులు తేల్చేది.

పోలవరం స్పిల్‌వేను 50 లక్షల క్యూసెక్కుల వరదను తట్టుకునేలా డిజైన్ చేశారు. ఎందుకు? అంత వరద రావచ్చని ఇంజనీర్లు లెక్కేశారు కాబట్టి. కట్ట కొట్టుకుపోతే రాజమండ్రి, కోనసీమ ఏమవుతాయన్న భయం న్యాయమైనదే. కానీ కట్ట కోసం రేపటి వరదను లెక్కేసినవాళ్లు, కట్ట వెనక ఉన్న మన ఊళ్ల కోసం ఏ గీత గీశారు? మొదటి దశ పునరావాసానికి 41.15 మీటర్ల కాంటూరు. గీతకు కింద ఉంటే నిర్వాసితుడు, పైన ఉంటే కాదు. 2022లో ఏరు ఆ గీతను చదవలేదు. ఆ జాబితాలో లేని ఊళ్లు కూడా మునిగాయి. వెనకనీటి ముంపు మీద ఒడిశా, ఛత్తీస్‌గఢ్, తెలంగాణ సుప్రీంకోర్టు దాకా వెళ్లాయి. రాష్ట్రాలే అనుమానపడుతున్నప్పుడు కోయ రైతు, కొండరెడ్డి ఆడబిడ్డ అనుమానపడితే తప్పేంటి?

2022 వరద అంతా డ్యామ్ వల్లే వచ్చిందని నేను అనను. 1986లో ఆ కట్ట లేదు, అయినా వరద ఇంకా ఎక్కువే వచ్చింది. కానీ "ప్రకృతి వైపరీత్యం, మనం ఏం చేయగలం" అనే మాటను కూడా ఒప్పుకోను. నిన్న మొన్నటిదాకా వాతావరణ మార్పు అంటే నవ్వినవాళ్లే ఇప్పుడు బాధ్యత దులుపుకోవడానికి అదే మాట వాడుతున్నారు. వాతావరణం మారుతోందని నిజంగా నమ్మితే గీత పైకి జరగాలి కదా! పాత వానలతో గీసిన గీత కొత్త వానలకు ఎలా సరిపోతుంది?

ఇది కొండోళ్ల గొడవే అనుకోవద్దని డెల్టా మిత్రులకు కూడా చెబుతున్నా. డెల్టా అంటే మన కొండల నుంచి ఏరు మోసుకెళ్లిన ఒండ్రు. గోదావరి మీద వరుసగా ఆనకట్టలు వచ్చాక ఒండ్రు తగ్గి, డెల్టా అంచు కోతకు గురవుతోందని ఆంధ్ర విశ్వవిద్యాలయం పరిశోధకులు ఎప్పుడో చెప్పారు. 1999 ఒడిశా తుఫానులో మడ అడవి అడ్డున్న ఊళ్లలో చావులు తక్కువని కేంద్రపడ జిల్లాలో చేసిన అధ్యయనం తేల్చింది. కోరంగి మడ అడవి మీకు ఎంతో, మా అడవి మాకు అంత. పైన ఒక రకం ముంపు, కింద ఇంకో రకం ముంపు, ఏరు ఒకటే.

మరి ఏం అడగాలి?

ఒకటి, గాలిని బట్టి కాదు, వానను, ఏటి మట్టాన్ని బట్టి ఊరి స్థాయి హెచ్చరిక. భద్రాచలంలో ఇన్ని అడుగులంటే మా ఊళ్లో ఏ వీధి దాకా వస్తుందో ముందే చెప్పాలి. అదీ కోయ భాషలో కూడా. 'రెడ్ అలర్ట్' అని ఫోన్‌కి ఇంగ్లీషు మెసేజ్ వస్తే మా అవ్వకు ఏం అర్థమవుతుంది? సిగ్నల్ లేని ఊరికి ఆ మెసేజ్ కూడా రాదు.

రెండు, 50 లక్షల క్యూసెక్కుల వరదకు వెనకనీరు ఎక్కడిదాకా వస్తుందో పటం గ్రామసభ ముందు పెట్టాలి. పెసా చట్టం 1996లోనే వచ్చింది. మమ్మల్ని అడగకుండా మా ఊరి గీత గీయొద్దు.

మూడు, పోయిన పంటకు లెక్క. పట్టా లేని పోడు ఏ రికార్డులో ఉంటుంది? రికార్డులో లేని పంట మునిగితే ఎవరు రాస్తారు? అటవీ హక్కుల చట్టం కింద పట్టాలివ్వడం అంటే వరద సాయానికి దారి వేయడం కూడా.

ఇక మనం చేయాల్సింది. తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, చేతిలో ఫోన్ ఉంది. ఎనభై ఆరులో నీళ్లు ఏ చింతచెట్టు మొదలు దాకా వచ్చాయో, 2022లో ఏ గోడ మీద మరక ఉందో మీ ఊరి పెద్దల్ని పక్కన నిలబెట్టి ఫోటో తీయండి. తేదీ, ఊరి పేరు, ఎత్తు రాయండి. బడి దగ్గర ఒక వానమాపకం పెట్టి రోజూ నోట్‌బుక్‌లో ఎక్కించండి. దాన్ని గ్రామసభ తీర్మానానికి జతచేయండి. పిడింగ్టన్ చేసింది ఇంతకంటే పెద్ద పనేం కాదు, ఓడలవాళ్లు రాసుకున్న లెక్కల్ని పోగేశాడు. మన లెక్కలు మన పెద్దల నోట్లో ఉన్నాయి. వాళ్లు పోకముందే రాసుకుందాం.

వచ్చే జూలైలో మళ్లీ ఒక వాయుగుండం వస్తుంది. దానికి పేరుండదు, టీవీలో పెద్దగా కనపడదు. మన ఊరి గోడ మీద మాత్రం గీత గీసి పోతుంది. ఆ గీతను కాగితం మీదికి ఎక్కించే బాధ్యత మనదే.