ఇసుక దొంగ మీద కేసు పెట్టే కలం ఎవరి జేబులో ఉంది?

అర్ధరాత్రి ఊరి పోరగాళ్ళు వాగులో ఇసుక ట్రాక్టర్‌ను ఆపుతారు. ఠాణాకు ఫోన్ కొడితే "అది మైనింగోళ్ళ పని" అంటారు. మైనింగ్ ఆఫీసును అడిగితే "తహసీల్దార్‌కు చెప్పుండ్రి" అంటారు. తహసీల్దార్‌ను నిలదీస్తే "పట్టుకోవాల్సింది పోలీసులు గదా!" అంటాడు. తెల్లారేసరికి ట్రాక్టర్ మాయం.

ఈ తిప్పుడు ఊరికే పుట్టలేదు. 1957 నాటి గనులు, ఖనిజాల చట్టంలో సెక్షన్ 22 ఉంది. కేంద్రమో రాష్ట్రమో అధికారమిచ్చిన మనిషి రాతపూర్వకంగా ఫిర్యాదు చేస్తే తప్ప, ఈ చట్టం కింది నేరాన్ని ఏ కోర్టూ విచారణకు తీసుకోరాదు. వాగు మనది, ఎండిన బోరు మనది, ఫిర్యాదు చేసే హక్కు మాత్రం ఆఫీసరుది! దాని పక్కనే సెక్షన్ 23ఎ. ఫిర్యాదు చేసే అధికారమున్న ఆ మనిషే సర్కారు ఖాతాకు పైసలు కట్టించుకుని నేరాన్ని రాజీ చేసేయొచ్చు. 2015లో చట్టాన్ని సవరించి, శిక్షను ఐదేళ్ళ జైలు, హెక్టారుకు 5 లక్షల జరిమానా దాకా పెంచారు. పెంచితే ఏం ఫాయిదా? తాళంచెవి, బేరం రెండూ ఒక్క చేతిలోనే ఉన్నాయి.

ఆ చేయి ఎట్లాంటిదో ఓబుళాపురం చూపించింది. అనంతపురం జిల్లా ఇనుప ఖనిజం కేసులో 2025 మేలో హైదరాబాద్ సీబీఐ కోర్టు గాలి జనార్దన్ రెడ్డితో పాటు ఉమ్మడి రాష్ట్ర గనుల శాఖ అప్పటి డైరెక్టర్‌నూ దోషిగా తేల్చింది. అప్పీళ్ళ మీద హైకోర్టు జూన్‌లో శిక్షలు నిలిపి బెయిలిచ్చింది, అది వేరే ముచ్చట. కాపలా శాఖ పెద్దసారే బోనెక్కితే ఇక ఫిర్యాదు రాసేదెవరు?

ఇగ ఖాకీల సాకు. "మాకు అధికారం లేదు" అన్నది పచ్చి అబద్ధం. ఢిల్లీ ప్రభుత్వం వర్సెస్ సంజయ్ కేసులో 2014లోనే సుప్రీంకోర్టు తేల్చి చెప్పింది: అనుమతి లేకుండా నది ఇసుక ఎత్తుకుపోవడం సర్కారు సొత్తును దొంగిలించడం, సెక్షన్ 22 ఆ దొంగతనం కేసుకు అడ్డం రాదు. 2020లో మధ్యప్రదేశ్ నుంచి వచ్చిన జయంత్ కేసులో ఇంకో అడుగు వేసింది. గనుల చట్టం కింద పైసలు కట్టి రాజీపడ్డోడి మీద కూడా దొంగతనం కేసు నడవొచ్చు. ఫోన్ దొంగతనానికి గనుల శాఖ పర్మిషన్ అడగని ఎస్సై వాగు దొంగతనానికెందుకు అడుగుతాడు?

జనం మీదికి రావడానికి మాత్రం వాళ్ళకు ఏ సెక్షనూ అడ్డం కాదు. 2017 జులైలో సిరిసిల్ల దగ్గర నేరెళ్ళలో ఇసుక లారీ ఢీకొని ఒక మనిషి చనిపోయాడు. కడుపు మండిన జనం లారీలు తగలబెట్టారు. తర్వాత పోలీసులు తమను పట్టుకపోయి చిత్రహింసలు పెట్టారని బాధితులు మొత్తుకున్నారు. అప్పటికి మన రాష్ట్రం మనకొచ్చి మూడేళ్ళు.

ఉమ్మడి రాష్ట్రంలో ఆంధ్రా పాలకులను తిట్టుకున్నాం, న్యాయమే. ఇప్పుడెవరిని తిట్టాలె? సెక్షన్ 22లో "రాష్ట్ర ప్రభుత్వం" అనే మాట ఉన్నది. ఊరి పంచాయతీ కార్యదర్శికి ఫిర్యాదు అధికారం ఇయ్యడానికి ఢిల్లీని బతిమాలే పనిలేదు. ఏ మండలంలో ఆ అధికారం ఎవరికుందో, ఎన్ని ఫిర్యాదులు కోర్టుకు పోయాయో, ఎన్ని రాజీతో ముగిశాయో తహసీల్ గోడ మీద రాయమనండి. రెవెన్యూ ఉద్యోగ మిత్రులారా, సకల జనుల సమ్మెలో మనం కలిసి నడిచినం, ఆ లెక్క మీరే బయటపెట్టాలె.

లా చదివే తమ్ముళ్ళు, చెల్లెళ్ళకు ఒక పని. ఊరోళ్ళ తరఫున దొంగతనం ఫిర్యాదు రాయండి. ఇప్పుడది భారతీయ న్యాయ సంహిత సెక్షన్ 303. ఠాణాలో తీసుకోకుంటే ఎస్పీకి పంపండి. అక్కడా కదలకుంటే మేజిస్ట్రేట్ దగ్గరికి పొండి. 2020 తీర్పు కాపీ చేతిలో ఉంచుకోండి, "మైనింగోళ్ళ పని" అన్నప్పుడు అక్కరకొస్తది.