ఈ నెల ఉచితం, ఆపితే తాళం

మా హాస్టల్ రూమ్‌లో ఒక పాత గేమింగ్ కన్సోల్ ఉంది. పాసౌట్ అయి వెళ్ళిపోతున్న ఒక సీనియర్ అన్న దగ్గర నలుగురం కలిసి సెకండ్ హ్యాండ్‌లో కొన్నాం. దాంతోపాటు రెండు గేమ్ డిస్కులు, ఒకటిన్నర కంట్రోలర్ వచ్చాయి. ఒకటిన్నర అని ఎందుకంటున్నానంటే, రెండో కంట్రోలర్ ఎడమ స్టిక్ తనకి మూడ్ ఉన్నప్పుడే పనిచేస్తుంది.

కంపెనీ పేరు చెప్పను. నేను చెప్పబోయే విషయంలో పెద్ద కంపెనీలన్నీ దొందూ దొందే.

కొన్న వారానికే రెండు డిస్కులూ బోర్ కొట్టాయి. అప్పుడు మాలో ఒకడు ఏడాది సబ్‌స్క్రిప్షన్ ఐడియా చెప్పాడు. "ఆన్‌లైన్‌లో ఆడొచ్చురా. పైగా ప్రతి నెలా గేమ్స్ ఫ్రీ!" ఆ ‘ఫ్రీ’ అన్న మాటకి నలుగురం పడిపోయాం. డబ్బులు పోగేశాం. నా వాటా కోసం నెల రోజులు సాయంత్రం క్యాంటీన్ వైపు వెళ్ళలేదు. కార్డు ఉన్నవాడు ఒక్కడే కాబట్టి అకౌంట్ వాడి పేరు మీదే తీసుకున్నాం.

ఇక అక్కణ్ణించి నెల మొదటి వారం వచ్చిందంటే రూమ్‌లో ఒకటే మాట: "క్లెయిమ్ చేశావా?" క్లాసులో ప్రాక్సీ మర్చిపోయినా పర్లేదు గానీ, గేమ్ క్లెయిమ్ చేయడం మాత్రం మర్చిపోకూడదు. ఆడతామో లేదో తర్వాత సంగతి, ముందు లైబ్రరీలో పడాలి. ఏడాదిలో ముప్ఫై పైగా పోగయ్యాయి. నిజంగా ఆడినవి ఐదు.

ఏడాది తిరిగింది. అకౌంట్ ఉన్నవాడు ఇంటర్న్‌షిప్‌కి బెంగళూరు వెళ్ళాడు. సెమిస్టర్ పరీక్షల గొడవలో గడువు అయిపోయిన సంగతి ఎవరికీ గుర్తులేదు. ఆఖరి పేపర్ రాసి వచ్చి, ‘హమ్మయ్య’ అనుకుంటూ టీవీ ఆన్ చేస్తే, వరసగా ముప్ఫై బొమ్మల మీద ముప్ఫై తాళం గుర్తులు. మా రూమ్మేట్ ఒకడు ఒక కథ గేమ్‌లో ఆఖరి అధ్యాయం దాకా వచ్చి పరీక్షల కోసం ఆపుకున్నాడు. వాడి మొహం చూడాలి! సేవ్ ఫైల్ ఉంది, ఆట హార్డ్ డిస్క్‌లోనే ఉంది, ఆడే మనిషి ఎదురుగా ఉన్నాడు. తలుపు మాత్రం తెరుచుకోదు.

ఇందులో కంపెనీ మోసం ఏమీ లేదు. షరతుల్లో రాసే ఉంది, మేం చదవలేదు. తప్పు మాదే. కానీ ఆ రోజు నుంచి ‘నెలనెలా ఉచిత గేమ్స్’ అన్న మాట ఎక్కడ కనపడినా నాకు ఒళ్ళు మండుతోంది. ఎందుకో చెప్తా.

ముందు ఈ పద్ధతి ఎలా పుట్టిందో చూద్దాం. సోనీ ‘ప్లేస్టేషన్ ప్లస్’ 2010 జూన్‌లో మొదలైంది. అప్పట్లో పీఎస్3లో ఆన్‌లైన్ ఆడటానికి డబ్బు కట్టక్కర్లేదు. కాబట్టి చందా కట్టించాలంటే ఏదో ఒక ఆకర్షణ ఉండాలి, నెలనెలా గేమ్స్ ఆ ఆకర్షణలో భాగం. 2013 నవంబర్‌లో పీఎస్4 వచ్చాక లెక్క మారింది. చాలా గేమ్స్ ఆన్‌లైన్‌లో ఆడాలన్నా చందా తప్పనిసరి అయింది. ఎక్స్‌బాక్స్‌లో ఆన్‌లైన్‌కి చందా 2002 నుంచే ఉంది. పక్కవాడు గేమ్స్ ఇస్తున్నాడని చూసి మైక్రోసాఫ్ట్ కూడా 2013లో ‘గేమ్స్ విత్ గోల్డ్’ మొదలుపెట్టింది. 2023లో దాన్ని ఆపేసి, ‘గేమ్ పాస్ కోర్’ తెచ్చింది.

అంటే ఈ గేమ్స్ దానధర్మాలు కావు, ప్యాకేజీలో ఒక భాగం. మన మెస్‌లో ఆదివారం చికెన్ పెడతారు. దాన్ని ఎవరైనా ‘ఫ్రీ చికెన్’ అంటారా? మెస్ బిల్లులో అది ఉందని ఫస్టియర్ వాడికి కూడా తెలుసు. మరి చందా కట్టి తెచ్చుకున్న గేమ్‌ని మాత్రం ఉచితం అని మనమే ఊరంతా చెప్పుకుంటాం.

నేనిలా మాట్లాడితే మా రూమ్‌లో ఒకడు సామెత వేశాడు: "పుణ్యానికి పుట్టెడు ఇస్తే పిచ్చకుంచమని పోట్లాడినట్టుందిరా నీ గోల!" సామెత మంచిదే. కానీ మొదటి మాటే ఇక్కడ అతకదు. పుణ్యానికి ఎవడిచ్చాడు? డబ్బు తీసుకునే ఇచ్చాడు. డబ్బు తీసుకున్నప్పుడు కుంచం సరిగ్గా ఉందో లేదో అడిగే హక్కు కొన్నవాడికి ఉంటుంది.

సరే, ఆ కుంచం కొలుద్దాం. 2022లో మన దేశంలో ప్లేస్టేషన్ ప్లస్ ఎసెన్షియల్ అనే కింది మెట్టు చందా నెలకు 499 రూపాయలు, ఏడాదికి 2,999. నెలకు మూడు గేమ్స్ చొప్పున ఏడాదికి 36 అనుకుందాం. గేమ్ ఒక్కింటికి 83 రూపాయలు. అబ్బో, టీ, సమోసా ఖర్చుతో గేమ్! మనల్ని మనం ఒప్పించుకునేది ఈ లెక్కతోనే. కానీ మాలాగా ఐదే ఆడితే? ఒక్కోటి 600. కొంత డబ్బు ఆన్‌లైన్ ఆట కింద పోయిందనుకున్నా, 83 అన్న అంకె మాత్రం అబద్ధం. ఆడని గేమ్‌కి ధర సున్నా కాదు. దాని ధర ఆడిన గేమ్ మీద పడుతుంది.

నాకు అసలు అభ్యంతరం ధర కాదు, తాళం. మళ్ళీ చందా కడితే పాతవన్నీ తెరుచుకుంటాయి, ఆ మాట నిజం. కానీ అదే కిటుకు. మొదటి ఏడాది చివర మానేస్తే 36 గేమ్స్ మూతపడతాయి. రెండో ఏడాది చివర 72, మూడో ఏడాది చివర 108. ఎంత కాలం నమ్మకంగా డబ్బు కడితే, మానేసేటప్పుడు అంత ఎక్కువ పోతుంది. మామూలుగా పాత కస్టమర్‌కి బయటికి వెళ్ళే స్వేచ్ఛ పెరగాలి, ఇక్కడ తగ్గుతుంది. అద్దె ఇల్లు ఖాళీ చేసేటప్పుడు మన సామాన్లు మనం తీసుకెళ్తాం. ఈ ఇంట్లో సామాను కూడా ఓనర్‌దే, మనం సర్దిపెట్టామంతే.

ధర ఎప్పుడు పెంచాలో కూడా ఓనర్ ఇష్టమే. 2023 సెప్టెంబర్‌లో అమెరికాలో ఈ చందా ఏడాదికి 59.99 డాలర్ల నుంచి 79.99 డాలర్లకు పెరిగింది. అంటే మూడో వంతు. వంద గేమ్స్ పోగేసుకున్నవాడు అప్పుడు ఏం చేస్తాడు? గొణుక్కుంటూ కడతాడు.

కట్టినా అన్నీ ఉంటాయన్న భరోసా లేదు. ‘డ్రాన్ టు డెత్’ అనే ఆన్‌లైన్ గేమ్ 2017 ఏప్రిల్‌లో విడుదల రోజే చందాదారులకు ఇచ్చారు. 2019లో సర్వర్లు మూసేశారు. ‘నాకౌట్ సిటీ’ 2021 నవంబర్ నెల గేమ్. 2023 జూన్‌లో దాని సర్వర్లూ ఆగిపోయాయి. పాత మెషీన్ ఉన్నవాళ్ళ సంగతి మరీ అన్యాయం. 2019 మార్చి నుంచి పీఎస్3కి, వీటాకి కొత్త నెలవారీ గేమ్స్ ఇవ్వడం మానేశారు. పీఎస్4 గేమ్స్ కూడా 2026 జనవరి నుంచి ప్రధానంగా ఉండవని ఏడాది ముందే ప్రకటించారు. సెకండ్ హ్యాండ్‌లో పాత మెషీన్ కొనుక్కునే మనలాంటి స్టూడెంట్స్ కట్టే చందా తగ్గదు, దానికి వచ్చేది తగ్గుతుంది.

ఇంత తిట్టాక రెండో వైపు కూడా చెప్పాలి, లేకపోతే అన్యాయం. నేను ఆడిన ఐదు గేమ్స్‌లో రెండు నా అంతట నేను జన్మలో కొని ఉండేవాణ్ణి కాదు. చిన్న స్టూడియోల పని చాలామందికి చేరేది ఇలాగే. ‘రాకెట్ లీగ్’ 2015 జూలైలో ప్లస్ గేమ్‌గానే పీఎస్4లో అడుగుపెట్టి ప్రపంచమంతా పాకింది. 2020 ఆగస్టులో ‘ఫాల్ గైస్’ కూడా అంతే. కానీ అందరికీ ఆ అదృష్టం దక్కదు. 2021 ఏప్రిల్‌లో ‘ఆడ్‌వరల్డ్: సోల్‌స్టార్మ్’ విడుదలతోనే పీఎస్5 చందాదారులకు వెళ్ళింది. లక్షల మంది దించుకున్నారు గానీ, ఆ ఒప్పందం తమని బాగా దెబ్బతీసిందని స్టూడియో అధిపతి లార్న్ లానింగ్ తర్వాత చెప్పారు. మనకి ‘ఉచితం’గా వచ్చినదానికి ఎక్కడో ఎవరో లెక్క సరిచూసుకుంటూనే ఉంటారు.

మరి వేరే దారి లేదా? ఉంది, పైగా వాళ్ళే చూపించారు. గేమ్స్ విత్ గోల్డ్‌లో ఎక్స్‌బాక్స్ 360 గేమ్స్ క్లెయిమ్ చేసుకుంటే, చందా ఆగిపోయినా అవి మనవే. ఎక్స్‌బాక్స్ వన్ గేమ్స్‌కే చందా ఉండాలన్న షరతు. ఒకే కంపెనీ, ఒకే చందా, రెండు పద్ధతులు! అంటే ‘ఇవ్వడం కుదరదు’ అన్నది నిజం కాదు, ‘ఇవ్వడం ఇష్టం లేదు’ అన్నదే నిజం. పీసీలో ఎపిక్ గేమ్స్ స్టోర్ 2018 డిసెంబర్ నుంచి ఉచిత గేమ్స్ ఇస్తోంది. నెలనెలా కట్టేది ఏమీ లేదు, తీసుకున్నది అకౌంట్‌లోనే ఉంటుంది. అది కూడా వ్యాపారమే, కాదనను. కానీ కనీసం ‘ఉచితం’ అన్న మాటకి అక్కడ అర్థం ఉంది.

కాలిఫోర్నియాలో 2025 జనవరి నుంచి ఒక చట్టం అమల్లో ఉంది. డిజిటల్ గేమ్‌నో సినిమానో ‘కొనండి’ అని అమ్మేటప్పుడు, అది సొంతం కాదు, లైసెన్స్ మాత్రమే అని స్పష్టంగా చెప్పాలి. చందా సేవలకి ఆ చట్టం వర్తించదు. ‘కొనండి’ అన్న మాటని పట్టుకున్నారు, ‘ఉచితం’ అన్న మాటని ఎవరూ పట్టుకోలేదు. మన దగ్గర 2021 అక్టోబర్ నుంచి రిజర్వ్ బ్యాంక్ నియమం ప్రకారం ఆటో డెబిట్‌కి కనీసం 24 గంటల ముందు మనకి కబురు రావాలి. డబ్బు తీసుకునే ముందు చెప్పినట్టే, తాళం గురించి కూడా క్లెయిమ్ బటన్ పక్కనే చెప్పమంటున్నా. ‘చందా ఉన్నంత కాలమే’ అన్న మూడు ముక్కలు రాస్తే చాలు. ఇంకో అడుగు ముందుకేసి, మూడేళ్ళు వరసగా కట్టినవాడికి కొన్ని గేమ్స్ శాశ్వతంగా ఇచ్చేస్తే ఇంకా మంచిది.

వాళ్ళు మారే లోపు మనం చేయగలిగినవి కొన్ని ఉన్నాయి. ఏడాది చందా కట్టే ముందు, నిరుడు ఎన్ని గేమ్స్ నిజంగా ఆడామో లెక్కేసుకోండి. సెమిస్టర్ మధ్యలో కాకుండా, సెలవుల్లో ఒక్క నెల కట్టుకుని ఆడుకుంటే చాలామందికి సరిపోతుంది. నలుగురు డబ్బు వేసుకుంటే అకౌంట్ ఎవరిదో, వాడు ఊరు వెళ్తే ఏంటో ముందే మాట్లాడుకోండి, తర్వాత మాట్లాడితే స్నేహాలు చెడతాయి. బాగా నచ్చిన గేమ్ ఉంటే పాత డిస్క్ కొనుక్కోండి. ఆ దారి కూడా మెల్లగా మూసుకుంటోంది. 2024 నవంబర్‌లో వచ్చిన పీఎస్5 ప్రోలో డిస్క్ డ్రైవ్ లేదు, కావాలంటే విడిగా కొనుక్కోవాలి.

చివరిగా ఒక మాట, గేమర్స్‌కే కాదు, మనందరికీ. నాలుగేళ్ళ తర్వాత ఇలాంటి స్క్రీన్లు తయారుచేసేది మన బ్యాచ్‌లోవాళ్ళే. ఆ బటన్ మీద ఏ మాట ఉండాలో, తాళం గుర్తు ఎప్పుడు కనపడాలో అనే మీటింగ్‌లో మనలో ఎవరో ఒకరు కూర్చుంటారు. ఆ రోజు పరీక్ష రాసి వచ్చి టీవీ ముందు కూలబడ్డ మా రూమ్మేట్ మొహం గుర్తుపెట్టుకోమని నా మనవి.

వాడి సంగతి అడుగుతారేమో. ఆఖరి అధ్యాయం ఆడటం కోసం ఒక నెల చందా కట్టాడు. రెండు గంటల్లో అయిపోయింది. మిగతా 29 రోజులు సప్లీకి చదువుకున్నాడు.

సీనియర్ అన్న ఇచ్చిన రెండు డిస్కులు మాత్రం ఇంకా మా అల్మారాలో ఉన్నాయి. గీతలు పడ్డాయి, ఒకదానికి డబ్బా కూడా లేదు. అయినా పెడితే ఆడతాయి. మేం వెళ్ళిపోయేటప్పుడు కన్సోల్‌తోపాటు వాటిని కూడా జూనియర్లకి ఇచ్చేస్తాం. ఆ ముప్ఫై గేమ్స్ కూడా ఇద్దామనే ఉంది. కానీ మనది కానిదాన్ని ఎలా ఇస్తాం?